చెవి వెనక పహారా

చెవి వినడానికే ఉందని చదువుకున్నవాళ్ళు అనుకుంటారు. కొమురయ్య చెవులను చూసినవాళ్ళెవరూ అంత తొందరగా ఆ నిర్ణయానికి రారు. అతని కుడి చెవి మీద గేటు రిజిస్టరు తాలూకు పెన్ను నిలబడుతుంది. ఎడమ చెవికి వాకీటాకీ ఆనుతుంది. కొలతకు ఒక నంబరు పెద్దదైన సెక్యూరిటీ టోపీ కళ్ళమీదికి జారకుండా రెండు చెవులూ కలిసి పన్నెండేళ్ళుగా కాపు కాస్తున్నాయి. కరోనా రోజుల్లో మాస్కు భారం కూడా అవే మోశాయి. ఇన్ని కొలువులు చేసి, మిగిలిన తీరికలో సత్తెమ్మ మాటలు వింటాయి.

అటువంటి చెవుల వెనక ఒక రోజున రెండు బిళ్ళలు కట్టడం కొమురయ్య జీవితంలో పెద్ద ఘట్టం. దానికి ముందు ఆ జీవితం గురించి నాలుగు మాటలు చెప్పాలి.

కొమురయ్యది చేర్యాల పక్కన చిన్న ఊరు. కొమురవెల్లి మల్లన్న పేరు పెట్టారు కనుక కొమురయ్య అయ్యాడు. ఆ చుట్టుపక్కల ఊళ్ళలో నిలబడి ఆ పేరు పిలిస్తే ఇంటికొకరు పలుకుతారు. పట్నం వచ్చింది బిల్డింగు పనికి. హైటెక్ సిటీలో ఈనాడు అద్దాలతో మెరిసే ఒకానొక పద్నాలుగంతస్తుల భవనానికి తొమ్మిదో అంతస్తు దాకా ఇటుకలు మోసిన నెత్తి అతనిది. భవనం లేచాక తోటి కూలీలు వేరే పునాది గోతుల వైపు వెళ్ళిపోయారు. కొమురయ్యకు మాత్రం దాన్ని వదలబుద్ధి కాలేదు. మేస్త్రీతో చెప్పించుకుని అక్కడే సెక్యూరిటీ గార్డుగా చేరాడు. మూడో నంబరు గేటు ఇచ్చారు. ఆనాటినుంచి లోపలికి పోయేవాళ్ళ బ్యాగులు విప్పించి చూడడం అతని పని. తను మోసిన ఇటుకల మీదికి తనే ఎక్కాలంటే మాత్రం పాస్ కావాలి. ఇందులో వింతేమీ అతనికి కనపడలేదు. ఎవరైనా అంటే, "ఇల్లు గట్టిన మేస్త్రి ఇంట్ల పండుకుంటడా? వాకిట్ల నిలవడనిచ్చిండ్రు, గది సాలదా?" అనేవాడు.

ఆ గేటంటే అతనికి ప్రాణం. ఏ అమ్మాయి పెరుగన్నం డబ్బా తెస్తుందో, ఏ అబ్బాయి బ్యాగులో ల్యాప్‌టాప్ కింద క్రికెట్ బంతి ఉంటుందో అతనికి కంఠతా వచ్చు. పొద్దున్నే వేలమంది "గుడ్ మార్నింగ్ అంకుల్" అంటూ పోతారు. అందులో పదిమంది నిజంగానే అంటారు. ఆ పదిమంది కోసం కొమురయ్య రోజూ బూట్లకు పాలిష్ పెట్టుకుంటాడు.

ఇక వయసు. కొమురయ్యకు మూడు వయసులున్నాయి. తల్లి లెక్కలో అతను ఊరి చెరువుకు గండి పడిన ఏడు పుట్టాడు. ఆ ప్రకారం అరవై నిండాయి. ఆధార్ కార్డులో యాభై మూడు. అది కార్డు తీసిననాడు కంప్యూటరు ముందున్న మనిషి ముఖం ఎగాదిగా చూసి వేసిన అంచనా. మూడోది టోపీ తీయనంతసేపు, రంగు దిగనంతకాలం చెల్లే వయసు. అది నలభై ఐదు దగ్గర ఆగి చాలా ఏళ్ళయింది.

ఈ మూడో వయసును నిలబెట్టే బాధ్యత సత్తెమ్మది. గురువారం కొమురయ్యకు వారపు సెలవు. రెండు గురువారాలకు ఒకసారి, హఫీజ్‌పేట్ రైల్వే స్టేషను వెనక వాళ్ళ కిరాయి గది ముందు ప్లాస్టిక్ స్టూలు వేసేది. అతని భుజాల చుట్టూ చిరిగిన దుప్పటి చుట్టి, నల్లరంగు ప్యాకెట్టు గిన్నెలో కలిపి, పాత టూత్ బ్రష్షుతో పాపిట పాపిటగా పూసేది. మొగుడూ పెళ్ళామూ ఒకరి ముఖం ఒకరు చూసుకోకుండా మనసు విప్పి మాట్లాడుకునే వీలు ఈ నగరంలో రెండే చోట్ల ఉంది. ఒకటి బండి మీద. వాళ్ళకు బండి లేదు.

"కదలకు. చెవులకు వడ్తది," అనేది సత్తెమ్మ.

"వడనియ్యే. చెవులు నల్లగుంటె తప్పా?"

"నెత్తి కన్న చెవులు నల్లగుంటె ఎవలన్న నమ్ముతరా?"

సత్తెమ్మ కొండాపూర్ దగ్గర ఒక లేడీస్ హాస్టల్లో చపాతీలు చేస్తుంది. రోజుకు మూడు వందలు. ఆమె వేళ్ళకు ఒక విద్య ఉంది. పరాత నిండా పిండి కలిపినా, ఎక్కడో అడుగున కలవకుండా మిగిలిన గోలీ ఆమె వేళ్ళకు దొరకకుండా తప్పించుకోలేదు. ఆ వేళ్ళే ఒక గురువారం ఉదయం, రంగు పూస్తూ పూస్తూ, కొమురయ్య ఎడమ చెవి వెనక ఎముక మీద ఆగిపోయాయి.

"గిదేంది?"

"ఏది?"

"గీడ. శెనగ గింజంత. బిళ్ళ గట్టింది."

"టోపీ ఒత్తుకున్నది తియ్యి. నువ్వు పని జూడు."

సత్తెమ్మ పని చూసింది. కానీ ఆ రోజు ఇద్దరూ మళ్ళీ మాట్లాడుకోలేదు.

దానికి కారణం ఉంది. కొమురయ్య అన్న పోచయ్యకు ఆరేళ్ళ కిందట దవడ కింద మెడలో ఇలాంటిదే ఒక గడ్డ వచ్చింది. పోచయ్య తంబాకు నమిలేవాడు. గడ్డ రాయిలాగ ఉండేది, కదిలేది కాదు. "నొప్పి లేదు గద, అదే పోతది" అని పోచయ్య అందరికీ ధైర్యం చెప్పాడు. ఏడాది తిరగకముందే గడ్డ ఉండగానే పోచయ్య పోయాడు. ఆనాటినుంచి ఆ ఇంట్లో "గడ్డ" అన్న మాట ఎవరూ పలకరు. ఆలుగడ్డను కూడా ఆలు అనే అంటారు.

కొమురయ్య తన బిళ్ళ విషయంలో విచారణ జరిపాడు. ఎడమ చెవి వెనక వచ్చింది కనుక అనుమానం వాకీటాకీ మీద పడింది. పన్నెండేళ్ళు చెవికి ఆనించిన యంత్రం, ఊరికే ఉంటుందా? వెంటనే దాన్ని కుడి చెవికి మార్చాడు. వారం తిరిగేసరికి కుడి చెవి వెనక కూడా బిళ్ళ కట్టింది. దానితో వాకీటాకీ నేరం రుజువైపోయింది. ముద్దాయి లేకుండా డ్యూటీ నడవదు కనుక శిక్ష మాత్రం అమలు కాలేదు. దాన్ని అరచేతి దూరంలో పట్టుకుని అరవడం మొదలుపెట్టాడు. గేటు దగ్గర జనం ఉలిక్కిపడేవారు.

సరిగ్గా ఆ రోజుల్లోనే సూపర్‌వైజర్ రవీందర్ గార్డులందరినీ పార్కింగులో నిలబెట్టి ఒక ప్రకటన చేశాడు. రవీందర్ నిటారుగా ఉండే మనిషి. జుట్టు కాకి కూడా అసూయపడేంత నలుపు. మాట్లాడేటప్పుడు టోపీ కిందికి పెన్ను దూర్చి గోక్కునే అలవాటు.

"వచ్చే నెల అయిదో తారీకు మెడికల్ పరేడ్. బిల్డింగోళ్ళ కొత్త రూలు. డాక్టర్ వస్తడు, నెత్తి నుంచి కాలి దాంక చూస్తడు. గేటు మీద ఫిట్టుగున్నోళ్ళే ఉండాలంట. రోగమున్నోళ్ళు, ముసలోళ్ళు ఇంటికే. టోపీలు దీసి నిలవడాలె, సమజైందా?"

టోపీలు తీసి. ఆ రెండు మాటలు కొమురయ్య రెండు చెవుల్లోనూ దూరి, వెనక ఉన్న రెండు బిళ్ళలకూ తగిలాయి. గేటు పోతుంది. బిళ్ళ కనబడితే రోగమని పోతుంది, తెల్లవెంట్రుక కనబడితే ముసలితనమని పోతుంది. బిళ్ళ సంగతి తన చేతిలో లేదు. వెంట్రుక సంగతి ఉంది. కనుక రెండు గురువారాలకు ఒకసారి వేసే రంగును ప్రతి గురువారం వేయమన్నాడు.

వేస్తున్నకొద్దీ నెత్తి మండింది. కొమురయ్య దాన్ని చుండ్రు అన్నాడు. పొక్కులు లేచాయి. ఎండ అన్నాడు. బిళ్ళలు రెండు నుంచి నాలుగయ్యాయి, మెడ వెనక, జుట్టు మొదలయ్యే చోట ఇంకో రెండు. వాటికి ఏమనాలో తోచక ఊరుకున్నాడు.

ఊరుకుని, పాఠాలు చెప్పడం మొదలుపెట్టాడు. ఒక సాయంత్రం సత్తెమ్మను కూర్చోబెట్టి ఫోనులో గ్యాసు ఎలా బుక్ చేయాలో చూపించాడు. మరునాడు కరెంటు పోతే ఏ తీగ ముట్టకూడదో చెప్పాడు. ఇంకోరోజు చందానగర్ మార్కెట్టుకు ఏ లోకల్ రైలు ఎక్కాలో, ప్రగతి నగర్‌లో కూతురు స్వప్న ఇంటికి ఏ బస్సు పోతుందో రెండుసార్లు వల్లె వేయించాడు. ముప్పై ఐదేళ్ళ కాపురంలో ఎన్నడూ లేని ఈ విద్యాదానాన్ని సత్తెమ్మ మౌనంగా స్వీకరించింది. నాలుగోరోజు అడిగింది.

"నువ్వెటు పోతున్నవని నాకు గివన్ని?"

"ఏడికి పోత? ఉట్టిగనే. తెలిసుంటె మంచిది గద."

"తెలుసు," అంది సత్తెమ్మ. ఏమి తెలుసో చెప్పలేదు. లేచి పొయ్యి దగ్గరికి వెళ్ళి, దేవుడి పటం వైపు తిరిగి, పెదవులు కదిలించి ఏదో అనుకుంది. కొమురయ్యకు వినపడలేదు. అన్ని కొలువులు చేసే చెవులకు కూడా ఒక్కోసారి అందని మాటలుంటాయి.

తరువాతి గురువారం ఉదయం స్టూలు వేసింది, దుప్పటి చుట్టింది, గిన్నె పట్టుకుంది. అతని ముఖం చూసి గిన్నె కింద పెట్టింది. కుడి కన్ను రెప్ప ఉబ్బింది. చెవి ముందు, కణత కింద, కొత్తగా ఇంకో బిళ్ళ.

"ఇగ లే. దవాఖానకు నడువు."

"వస్త. ముందు రంగెయ్యి."

"ఏందయ్యా నీ రంగు! మనిషివి గిట్లయితుంటె!"

కొమురయ్య తల వంచుకున్నాడు. "ముసలోడని తెలిస్తె డాక్టర్లు మనసు పెట్టరే. వయసున్నోడంటె జర దిల్ పెట్టి చూస్తరు. పోచన్నను సూడలే? 'పెద్దమనిషి గద, ఇంటికి దీస్కపోండ్రి' అన్నరు."

సత్తెమ్మ గిన్నె మళ్ళీ చేతిలోకి తీసుకుంది. కళ్ళు తుడుచుకోవడానికి చేతులకు వీలులేదు, రెండింటికీ రంగు. ముక్కు ఎగబీలుస్తూ, ఎప్పటికన్నా మెల్లగా, పొక్కు పొక్కునూ తప్పించుకుంటూ పూసింది.

బస్తీ దవాఖానలో డాక్టరు భార్గవి. గోదావరి వైపు పిల్ల, వయసు ముప్పై లోపు, మాట మెత్తన. కొమురయ్య టోపీ పెట్టుకుని, అటెన్షన్‌లో కూర్చున్నాడు.

"చెప్పండి బాబాయ్ గారూ, ఏమిటి ఇబ్బంది?"

బాబాయ్ అన్న మాటకే కొమురయ్య సగం ఓడిపోయాడు. "ఏం లేదు మేడం. చెవి ఎనక చిన్న బిళ్ళ. వాకీటాకీది."

"వాకీటాకీదా? సరే, టోపీ తీయండి చూద్దాం."

ఆమె వెనక నిలబడి రెండు చేతుల వేళ్ళతో ఒకేసారి రెండు చెవుల వెనకా నొక్కింది. కొమురయ్య "అబ్బా" అన్నాడు.

"నొప్పిగా ఉందా అండి?"

"మస్తు నొప్పి మేడం."

"మంచిది."

నొప్పి ఉందంటే మంచిదన్న మనిషిని కొమురయ్య జన్మలో మొదటిసారి చూశాడు. వెనక్కి తిరిగి ఆమె ముఖం చూడబోయాడు. కదలవద్దంది. చెవి ముందు నొక్కింది, చెవి కింద దవడ మూలలో నొక్కింది, మెడ వెనక, మెడ పక్కన, చివరికి భుజం ఎముక పైన గుంటలో కూడా వెతికింది. పన్నెండేళ్ళుగా బ్యాగులు వెతుకుతున్న కొమురయ్యకు ఆ వెతుకులాటలో పనితనం కనిపించింది. పైపైన చూసే మనిషి కాదు. అడుగు జేబు దాకా పోయే మనిషి.

"మెత్తగా ఉన్నాయి, వేలి కింద కదులుతున్నాయి, నొప్పి ఉంది. మెడ కింద ఏమీ లేదు. తంబాకు, గుట్కా ఏమన్నా?"

"లేదు మేడం. మా అన్న..." అని ఆగిపోయాడు.

"అన్నగారికి ఎక్కడ వచ్చింది?"

చూపించాడు. అది రాయి వంటిదనీ, కదలలేదనీ, నొప్పి లేదనీ సత్తెమ్మ అందుకుని చెప్పింది. ఆరేళ్ళ తరువాత ఆ మాటలు ఆ ఇంటి మనిషి నోట రావడం అదే మొదలు.

"అది వేరే సంగతి అండి. ఇది వేరే," అంది భార్గవి. కుర్చీ లాక్కుని కొమురయ్య ఎదురుగా కూర్చుంది. "బాబాయ్ గారూ, మీది ఏ ఉద్యోగం?"

"గేటు డ్యూటీ మేడం. మూడో నంబరు గేటు."

"అయితే మీకు తేలిగ్గా చెప్పవచ్చు. చెవి చుట్టూ మీలాంటి వాళ్ళే ఉంటారు. ఒంట్లో రక్తం కాకుండా ఇంకో నీరు తిరుగుతుంది. చర్మం కింద చేరిన చెత్తనూ, పురుగునూ, విషాన్నీ అది మోసుకొస్తుంది. దాన్ని మెడ దాటి లోపలికి పోనివ్వకుండా దారిలో ఆపి వెతికే గేట్లు ఈ బిళ్ళలు. లింఫ్ గ్రంథులంటాం. అందరికీ ఉంటాయి, పుట్టినప్పటినుంచి. మామూలప్పుడు కందిబద్దంత కూడా ఉండవు, చేతికి తగలవు. చెవి ముందున్న గేటుకు కనురెప్పలు, కణతల వైపునుంచి వచ్చేది చేరుతుంది. చెవి వెనక గేటుకు నెత్తి పక్కల నుంచి. మెడ వెనక దానికి నెత్తి వెనక వైపునుంచి. ఎవరి గేటు వాళ్ళదే."

కొమురయ్య ముందుకు వంగాడు. "అంటె ఒకల గేటు కాడికి ఇంకొకల జనం రారు."

"మామూలుగా రారు. మరి మీ గేటు దగ్గర గార్డులు ఎప్పుడు ఎక్కువమంది చేరతారు?"

"వచ్చేటోడు లొల్లి పెడితె."

"అంతే. గేటు వాచిందంటే తప్పు గేటుది కాదు. గేటు పని చేస్తోందని లెక్క. లొల్లి ఎక్కడిదో దారి పట్టుకుని వెనక్కి వెళ్ళి చూడాలి. మీకు ముందు గేటు, వెనక గేటు, మెడ గేటు, రెండు వైపులా, అన్నీ వాచాయి. వీటన్నిటికీ మనుషుల్ని పంపేది ఒకటే చోటు."

కొమురయ్య చూపు మెల్లగా పైకి, తన నుదుటి వైపు లేచింది. వైద్యవిద్యలో నాలుగేళ్ళు పట్టే సంగతి గేటు మనిషికి నాలుగు నిమిషాల్లో బోధపడింది. బోధపడినందుకు అతను ఏమాత్రం సంతోషించలేదు.

"నెత్తికి ఏం రాస్తారండి?"

"ఏం రాయం మేడం. కొబ్బరి నూనె."

"జుట్టు ఇంత నల్లగా ఉందే?"

"మా వంశం గంతే మేడం. మా తాత కూడ..."

భార్గవి దూది తీసి అతని చెవి వెనక ఒక్కసారి తుడిచి, బల్ల మీద పెట్టింది. నల్లగా, తడిగా, కొమురయ్య వంశచరిత్ర మొత్తం ఆ దూదిలో ఉంది.

ముగ్గురూ కాసేపు దూదిని చూశారు.

"పొద్దుగాలనే ఏసిన," అంది సత్తెమ్మ. "నేనే. ప్రతిసారి నేనే. ఎండకు అన్నడు, చుండ్రు అన్నడు, టోపీ అన్నడు. మండుతుందని మొత్తుకుంటుంటె కదలకు అన్న. నా చేతుల్తోనే పూసిన మేడం."

కొమురయ్య కంగారుపడ్డాడు. "అరె, దానిదేం లేదు మేడం. ఏయమన్నది నేను. అది ఒద్దనే అన్నది."

"ఎవరి తప్పూ కాదండి," అంది డాక్టరు. "కొందరికి ఏళ్ళ తరబడి వేసినా ఏమీ కాదు, ఒకరోజు ఒంటికి పడకుండా పోతుంది. ఇక ఈ రంగు జన్మలో వద్దు. ఈసారి వేస్తే ముఖమంతా వాచి ఊపిరి ఆడకపోవచ్చు. ఇప్పుడే బాగా కడిగేద్దాం. మాత్రలు, పూత మందు ఇస్తాను. పొక్కులు మానాక గుండు చేయించుకున్నా మంచిదే. అమ్మా, ఇలా రండి."

సత్తెమ్మ వేలు పట్టుకుని చెవి వెనక బిళ్ళ మీద పెట్టింది. "జారుతోందా వేలి కింద? మెత్తగా ఉందా? నొక్కితే ఈయన అరుస్తున్నారా?"

"అరుస్తుండు."

"అలా ఉన్నంతకాలం భయం లేదు. వారానికొకసారి చూస్తూ ఉండండి. మూడు నాలుగు వారాల్లో చిన్నవి కావాలి. తగ్గకపోయినా, గట్టిపడినా, కదలడం మానేసినా, కొత్తది వచ్చినా వెంటనే తీసుకురండి. పరీక్ష చేయిద్దాం."

"పిండిల గోలీ లెక్కనే ఉన్నది," అంది సత్తెమ్మ తనలో తాను.

బయటికి వచ్చాక ఇద్దరూ స్టేషను బ్రిడ్జి మెట్ల దగ్గర కూర్చున్నారు. కడిగిన నెత్తి మీద టోపీ పెట్టుకోలేక కొమురయ్య దాన్ని ఒళ్ళో పెట్టుకున్నాడు. ప్రాణం దక్కింది. గేటు మాత్రం ఇంకా దక్కలేదు. పరేడ్‌కు మూడు వారాలుంది. మూడు వారాల్లో జుట్టు మొదళ్ళు తెల్లగా గోరంత లేస్తాయి. నల్లటి జుట్టు కింద తెల్లటి అంచు, ముసలితనం కన్నా అధ్వాన్నం, అబద్ధం కూడా బయటపడుతుంది.

"సావు దప్పింది గని కొలువు పోయిందే," అన్నాడు.

సత్తెమ్మ చెంగు మడత పెట్టింది, విప్పింది. "నీకొక ముచ్చట చెప్పలే. కోపం జేయకు."

"ఏంది?"

"నువ్వు గ్యాసు బుకింగు, బస్సులు చెప్పినంక, మల్లన్నకు మొక్కిన. ఈ బిళ్ళ మీ అన్నకు వచ్చిన లెక్కది కాకపోతె నీ తలనీలాలు ఇస్త అని."

"నా నెత్తి, నన్నడగకుంటనే మొక్కినవా?"

"నాది మొక్కుదామనుకున్న. గుండుతోని హాస్టలుకు పోతె ఆ పిల్లలు జడుసుకుంటరు. నీదే కానియ్యి అనుకున్న. నేను మూడు కత్తెర్లిస్త."

కొమురయ్య ఆమె వైపు చూశాడు. తరువాత టోపీ వైపు చూశాడు. గుండుకు వయసు ఉండదన్న మహా సత్యం అప్పుడు అతనికి తట్టింది. నల్లదీ కాదు, తెల్లదీ కాదు. పైగా దేవుడికి ఇచ్చినదాన్ని తిరిగి తెమ్మనడానికి ఏ బిల్డింగువాళ్ళకూ రూలు లేదు.

"సత్తీ," అన్నాడు, పెళ్ళైన కొత్తలో పిలిచిన పేరుతో. "నువ్వు ఆఫీసుల ఉంటె మేనేజరువు గాదే?"

"చపాతీలు ఎవలు జేస్తరు?"

రెండు వారాలు మందు పూశాక, పొక్కులు మాని పొరలు రాలాక, కొమురవెల్లి వెళ్ళారు. కొమురయ్య తలనీలాలు ఇచ్చాడు. సగం నలుపు, సగం తెలుపు కలిసి ఆ కుప్పలో పడ్డాయి. దేవుడు రెండింటినీ ఒకటిగానే తీసుకున్నాడు. పసుపు బండారి నెత్తికి రాయబోయిన పూజారి చేతికి సత్తెమ్మ అడ్డం పడింది. "నుదుటికే సాలు సామీ. నెత్తి మీద డాక్టరమ్మ ఏం రాయొద్దన్నది." మల్లన్న ముందు నిలబడి డాక్టరు మాట చెల్లించిన మొదటి మనిషి ఆమే అయి ఉండాలి.

అయిదో తారీకు పార్కింగులో గార్డులు వరసగా నిలబడ్డారు. టోపీలు తీశారు. ఒకే డబ్బాలో ముంచి తీసినట్టు ముప్పై నల్లటి తలలు, వాటి మధ్య పున్నమి చంద్రుడిలాగ ఒక గుండు. రవీందర్ దాని ముందు ఆగాడు.

"ఏందే కొమురన్నా, ఎవలన్న పోయిండ్రా?"

"ఎవలు పోలే సార్. మొక్కు. కొమురెల్లి."

"గిప్పుడేనా మొక్కు?"

"దేవునికి పరేడ్ తారీకు తెల్వది సార్."

వెనక ఎవరో కిసుక్కున నవ్వారు. డాక్టరు వచ్చాడు, నెరిసిన మీసాల పెద్దమనిషి. గుండె విన్నాడు, కళ్ళు చూశాడు, నాలుక చూశాడు. చివరికి వేళ్ళు చెవి వెనకకు పోయాయి. బిళ్ళలు తగ్గాయి కానీ పూర్తిగా పోలేదు.

"ఇక్కడేదో ఉందే?" అన్నాడు డాక్టరు. రవీందర్ చేతిలోని పెన్ను కాగితం మీద ఆగింది.

గేటు ఉండేదీ పోయేదీ ఇప్పుడే. కొమురయ్య చొక్కా జేబులోంచి బస్తీ దవాఖాన చిట్టీ తీసి ఇచ్చాడు. అటెన్షన్‌లో నిలబడ్డాడు.

"అవి గేట్లు సార్. చెవి ఎనకది నెత్తి పక్కలది చూస్తది, మెడ ఎనకది నెత్తి ఎనకది చూస్తది. నెత్తి మీద లొల్లి అయింది, గార్డులు జమైండ్రు. లొల్లి సల్లవడ్డది. కదుల్తయి, మెత్తగున్నయి, నొప్పి గూడ ఉన్నది సార్. దినాం కొంత తగ్గుతున్నయి. డ్యూటీ దిగుతున్నరు."

డాక్టరు చిట్టీ చదివాడు. మళ్ళీ వేలు పెట్టి చూశాడు. తరువాత కొమురయ్యను పైనుంచి కిందికి చూశాడు. "ఇంత బాగా మా స్టూడెంట్లు చెప్పరయ్యా," అన్నాడు. "లొల్లి ఎందుకయింది?"

కొమురయ్యకు అబద్ధం నాలుక చివరిదాకా వచ్చింది, వంశం అన్న మాట దాకా వచ్చింది. వెంటనే దూది గుర్తొచ్చింది.

"రంగు సార్. ముసలోడ్నైతె గేటు పోతదని ఏసిన. ఇగ ఎయ్య. ఎంట్రుకలొస్తె తెల్లగనే వస్తయి."

ముప్పై నల్లటి తలలు నేల వైపు చూశాయి. డాక్టరు తన మీసం దువ్వుకున్నాడు. అదీ తెల్లదే. "ఫిట్," అని రాయించి తరువాతి మనిషి దగ్గరికి పోయాడు.

పరేడ్ అయ్యాక రవీందర్ కొమురయ్యను జనరేటర్ గది వెనకకు రమ్మన్నాడు. కొమురయ్య టోపీ సర్దుకుని వెళ్ళాడు. డాక్టరు వదిలినా సూపర్‌వైజర్ వదలడు. అటూ ఇటూ చూసి రవీందర్ టోపీ తీశాడు. పన్నెండేళ్ళలో కొమురయ్య ముందు అతను తల వంచడం అదే మొదలు.

"జర చెవి ఎనక సూడు అన్నా. రెండు నెలలాయె. ఇంట్ల జెప్పలే. మా బామ్మర్దికి మెడల గడ్డ లేసి..."

కొమురయ్య వేళ్ళు చాచాడు. కాకి నలుపు జుట్టు కింద, ఎముక మీద, శెనగ గింజలంత రెండు. నొక్కి, జరిపి చూశాడు. చెవి ముందు, దవడ మూల, మెడ వెనక, భుజం గుంట దాకా, అడుగు జేబు దాకా పోయాడు.

"నొప్పి ఉన్నదా సార్?"

"సంపుతుంది అన్నా."

"అయితె మంచిదే. అయినా రెండు నెలలంటున్నరు, మా డాక్టరమ్మకు సూపియ్యాలె, రేపే. నేను తోలుకపోత. ఒక్కటి సార్, మీ వయసెంత?"

రవీందర్ తల ఎత్తకుండానే అడిగాడు. "ఏది? ఆధార్‌దా?"

టోపీ పెట్టుకుని రెండడుగులు వేసి వెనక్కి తిరిగాడు. "కొమురెల్లిల గుండు ఎన్ని గంటల దాంక జేస్తరే?"

ఇప్పుడు కొమురయ్య నెత్తి మీద అరంగుళం జుట్టు మొలిచింది. నువ్వులు కడిగి ఆరబోసినట్టు తెల్లగా ఉంది. మూడో గేటు దగ్గర పొద్దున్నే గుడ్ మార్నింగ్ అంకుల్ అనే పదిమందిలో ఇద్దరు తాతా అంటున్నారు. మొదటిరోజు కొంచెం గుచ్చుకుంది. తాత బ్యాగు చూపించమంటే మాత్రం అందరూ ఎదురు మాట్లాడకుండా విప్పుతున్నారని గమనించాక సర్దుకున్నాడు.

గురువారం గురువారం స్టూలు మాత్రం వేస్తూనే ఉన్నారు. టూత్ బ్రష్షుతో సత్తెమ్మ ఇప్పుడు గ్యాసు పొయ్యి తోముతుంది. కొమురయ్య వెనక నిలబడి, పిండి కడుక్కున్న వేళ్ళతో రెండు చెవుల వెనకా వెతుకుతుంది.

"ఉన్నయా?"

"ఎడమది పోయింది. కుడిది మినప గింజంత ఉన్నది."

"కదులుతుందా?"

"కదులుతుంది."

"నైట్ డ్యూటీ పడ్డట్టుంది దానికి. ఉండనీ."

వెతకడం అయిపోయింది. సత్తెమ్మ వేళ్ళు మాత్రం అక్కడే ఉన్నాయి, తెల్లటి జుట్టులో, చెవుల వెనక. కొమురయ్య కదలలేదు. కదలకు అని ఆమె అనలేదు.